సాక్సోఫోన్ స్టేషన్‌లో రాత్రి డ్యూటీ

ఆకాశవాణిలో ప్రసంగం రెండు నిమిషాల ముందే అయిపోతే, తర్వాతి కార్యక్రమానికి వేళయ్యేదాకా ఏ వీణో వేణువో వేసి ఖాళీ నింపేవాళ్లు. "వాద్య సంగీతం" అని అనౌన్సరు ఒక్క మాట చెప్పి తప్పుకునేది. దాన్ని పనిగట్టుకుని విన్నవాళ్లు తక్కువ, చెవిన పడనివాళ్లు లేరు. ఆ రెండు నిమిషాల ఖాళీని రోజంతా సాగదీసి, నడుమ కార్ల ప్రకటనలు పెట్టి, ఒక మహానగరం మొత్తానికి వినిపించే వ్యాపారం అమెరికాలో ఉంది. దాని పేరు స్మూత్ జాజ్ స్టేషన్.

1987 ఫిబ్రవరి 14న లాస్ ఏంజెలిస్‌లో 94.7 మీద అప్పటిదాకా రాక్ వేస్తున్న కేఎంఈటీ పోయి, 'ది వేవ్' పేరుతో కేటీడబ్ల్యూవీ వచ్చింది. మొదట్లో దానికి అనౌన్సర్లే లేరు, పాట వెనక పాట అంతే. అదే ఏడాది షికాగోలో 95.5 మీద డబ్ల్యూఎన్‌యూఏ, మరుసటి ఏడు న్యూయార్క్‌లో 101.9 మీద డబ్ల్యూక్యూసీడీ మొదలయ్యాయి. వై2కే పనికని ఎడిసన్, ఇసెలిన్ వైపు దిగిన తెలుగువాళ్ల కాలానికి న్యూజెర్సీలో పళ్ల డాక్టరు వెయిటింగ్ రూములోనూ బ్యాంకు కౌంటరు వెనకా మోగుతుండేది ఈ 'సీడీ 101.9' బాపతు సంగీతమే. సాక్సోఫోన్ అంటే కద్రి గోపాలనాథ్ కచేరీగా ఎరిగిన చెవికి ఇందులో రాగం ఎటూ వెళ్లకుండా ఉన్నచోటే ఊగుతున్నట్టు అనిపిస్తుంది. అలా అనిపించడం పొరపాటు కాదు. ఇది ఎవరి పనికీ అడ్డుపడకుండా మోగాలి. ఆ సంగతి మనసులో పెట్టుకుంటే లోపల పనిచేసేవాళ్లు దేనికి అంత జాగ్రత్త పడతారో అర్థమవుతుంది.

ఇక్కడ చెప్పేది అలాంటి స్టేషన్‌లో బోర్డు, అంటే పాటలనూ ప్రకటనలనూ మైకునూ గాలిలోకి వదిలే మీటల బల్ల, దగ్గర కూర్చునే పని గురించి. ముందు వీసా సంగతి, మనవాళ్లకు ఏ ఉద్యోగమైనా అక్కడినుంచే కదా మొదలు. బోర్డ్ ఆపరేటర్ పనికి హెచ్-1బీ దొరకదనే అనుకోండి. ఫలానా డిగ్రీ లేకపోతే చేయలేని పని అని దీన్ని నిరూపించడం కుదరదు. ఎలక్ట్రికల్ డిగ్రీతో బ్రాడ్‌కాస్ట్ ఇంజినీరుగా వెళ్లడం వేరు, కానీ ఆ ఖాళీలు తక్కువ, లాటరీ ఎలాగూ తప్పదు. ఎఫ్-1 మీద చదువుకునేవాళ్లు తరగతులు నడిచే రోజుల్లో క్యాంపస్‌లో వారానికి 20 గంటలు పనిచేయొచ్చు కాబట్టి వాళ్లకు కాలేజీ రేడియో సరైన చోటు. బయటి కమర్షియల్ స్టేషన్‌కు వెళ్లాలంటే విద్యార్థులకిచ్చే పని అనుమతులు సీపీటీయో ఓపీటీయో ఉండాలి, పనికీ చదువుకూ సంబంధం చూపించగలగాలి. ఇక ఇళ్లలో ఉండిపోయిన మన ఆడవాళ్లలో చాలామందికి 2015లో దారి తెరుచుకుంది. భర్త గ్రీన్‌కార్డు కోసం కంపెనీ పెట్టిన ఐ-140 మంజూరై ఉంటే, భార్యలకిచ్చే హెచ్-4 వీసా మీద ఉన్నవాళ్లు ఈఏడీ అనే పని అనుమతి కార్డు తీసుకుని ఏ పనైనా చేసుకోవచ్చు. ఈఏడీ చేతిలో లేకుండా "ఊరికే చేస్తాను, నేర్చుకుంటాను" అని కమర్షియల్ స్టేషన్‌లో మాత్రం కూర్చోకండి. ఇంకొకరికి జీతమిచ్చి చేయించే పనిని ఉచితంగా చేసినా ఇమిగ్రేషన్ కంటికి అది పనే. లైసెన్సులో విదేశీయుల వాటాకు చట్టంలో పరిమితి ఉంది గానీ, బోర్డు మీద శబ్దాన్ని ఎత్తి దించే ఫేడర్ మీద చెయ్యి పెట్టేవాళ్లకు పౌరసత్వం అక్కర్లేదు.

జీతం గంటల లెక్కన ఉంటుంది, ఆ రాష్ట్రం కనీస వేతనమో, దానికి కాస్త పైనో. పార్ట్ టైమే ఎక్కువ. రాత్రి 12 నుంచి ఉదయం 6, శనాదివారాలు, థాంక్స్‌గివింగ్, క్రిస్మస్ కొత్తవాళ్ల నెత్తినే పడతాయి. సంక్రాంతికో ఉగాదికో సెలవు కావాలంటే క్రిస్మస్ డ్యూటీకి ఒప్పుకునే రోజునే దానికి బదులుగా అడిగి మెయిల్‌లో రాయించుకోండి. జనవరిలో అడిగితే అప్పటికే షెడ్యూలు బిగుసుకుపోయి ఉంటుంది.

స్టేషన్‌లో ఒక గంట ఎలా నడుస్తుందో చూద్దాం. గంటకు 12 నిమిషాల ప్రకటనలు, రెండు మూడు నిమిషాల మాటలు పోగా 45 నిమిషాల సంగీతం మిగులుతుంది. పాట నాలుగున్నర నిమిషాల లెక్కన పది వస్తాయి. వాటిలో గొంతుతో పాడినవి రెండో మూడో, మిగతావన్నీ వాద్యాలే. గొంతు పాటలు అసలు లేకపోతే వినేవాళ్లకు రేడియో పెట్టిన సంగతే గుర్తుండదు, ఎక్కువైతే పక్క స్టేషన్‌కూ దీనికీ తేడా తెలియదు. ప్రకటనల బ్రేకు ఎక్కడ పెట్టాలనేదాని వెనక చాలా లెక్కుంది. వినికిడిని కొలిచే కంపెనీ గంటను నాలుగు పావులుగా కోస్తుంది. ఒక పావుగంటలో మొత్తం ఐదు నిమిషాలు (పెద్ద నగరాల్లో 2025 నుంచి మూడే) విన్నవాళ్లను పావుగంట విన్నట్టే రాసుకుంటుంది. అందుకని ఒక పద్ధతిలో బ్రేకును పావుగంట గీత మీదే కూర్చోబెడతారు, 12వ నిమిషం నుంచి 18 దాకా ఒకటి, 42 నుంచి 48 దాకా ఇంకొకటి. ప్రకటన మొదలవగానే పారిపోయినవాళ్లు అప్పటికే 12 నిమిషాలు ఇచ్చి ఉంటారు. 18వ నిమిషంలో తిరిగొచ్చినవాళ్ల దగ్గర ఇంకా 12 నిమిషాలు ఉంటాయి. బోర్డు దగ్గర ఉన్నవాళ్లు బ్రేకును నాలుగు నిమిషాలు ఆలస్యంగా వదిలితే అది మొత్తం ఒకే పావులో పడి ఈ లెక్క దెబ్బతింటుంది. మర్నాడు ప్రోగ్రామ్ డైరెక్టర్ అడిగేది పాట సంగతి కాదు, ఈ నాలుగు నిమిషాల సంగతి.

పాటల వరస సాఫ్ట్‌వేరే వేస్తుంది. సెలెక్టర్, మ్యూజిక్‌మాస్టర్ లాంటివి. వాటికి నియమాలు మనుషులు పెట్టాలి, స్మూత్ జాజ్‌కు వచ్చే చిక్కు అక్కడే. పాప్ స్టేషన్‌లో ఒకే గాయకుడి పాటలు గంటన్నరలోపు రెండు రాకూడదని పెడితే పనైపోతుంది. ఇక్కడ గిటార్ వాద్యకారుడి ఆల్బంలో సాక్సోఫోన్ వాయించినాయనే రెండు పాటల తర్వాత తన సొంత ఆల్బంతో వస్తాడు. కార్డు మీద పేర్లు వేరు, చెవికి మాత్రం ఒకే మనిషి. అందుకని ప్రతి పాటకూ ప్రధాన వాద్యం ఏది, వేగం ఎంత, మూడ్ ఏమిటి, అతిథిగా వాయించింది ఎవరు అనే నాలుగూ నింపాలి. సాక్సోఫోన్ మీద సాక్సోఫోన్ రాకూడదు, నిదానం పాటలు మూడు వరసగా రాకూడదు. అతిథి గడి నింపకుండా వదిలేసిన లైబ్రరీని చేతికిస్తే మొదటి వారమంతా దాన్ని నింపడానికే పెట్టుకోండి.

ఒక పాట నుంచి ఇంకో పాటకు దాటడం ఈ పనిలో అన్నిటికన్నా సున్నితమైన చోటు. దీన్ని సెగ్వే అంటారు. రాక్ పాట టక్కున ఆగుతుంది, తర్వాతిది టక్కున మొదలవుతుంది. స్మూత్ జాజ్ పాట ఎనిమిది పది సెకన్లు తగ్గుతూ తగ్గుతూ పోతుంది. తర్వాతిది ఎక్కడ అందుకోవాలో ప్రతి ఫైలులోనూ గుర్తు పెట్టి ఉంటుంది. ఆ గుర్తును చాలాచోట్ల సాఫ్ట్‌వేర్ తనంతట తానే పెట్టేస్తుంది, శబ్దం పూర్తి స్థాయి నుంచి 12, 15 డెసిబెళ్లు పడిన చోట. మద్దెల దెబ్బ ఉన్న పాటకు అది సరిపోతుంది. నైలాన్ తీగల గిటార్‌కు సరిపోదు. చివరి మీటు మీటాక తీగ శబ్దం రెండు సెకన్లలోనే 15 డెసిబెళ్లు పడిపోతుంది గానీ, మీటు ఇంకా బతికే ఉంటుంది. ఆ మీటు మీదే తర్వాతి పాట కీబోర్డు వచ్చి పడుతుంది. మొదటిది ఇ శ్రుతిలో, రెండోది ఇ ఫ్లాట్‌లో అయిందంటే పక్కపక్క ఇళ్లలో రెండు తంబురాలు అర మెట్టు తేడాలో మోగినట్టుంటుంది. వెయిటింగ్ రూములో కూర్చున్న మనిషి తలెత్తి చూసేది సరిగ్గా అప్పుడే. ఇలాంటి పాటలకు గుర్తును చేత్తో పాట చివరికి జరిపి, తీగ పూర్తిగా ఆగాక అర సెకను మౌనం వదలాలి. ఎక్కడైనా శ్రుతి కలవకపోతే ఆ రెంటి మధ్యా స్టేషన్ పేరు చెప్పే మూడు సెకన్ల జింగిల్ పెట్టండి. జింగిల్స్ ఉన్నది ఎక్కువగా అందుకే.

మౌనం గురించి ఇంకో మాట. దాదాపు ప్రతి స్టేషన్‌లో సైలెన్స్ సెన్సర్ ఉంటుంది. శబ్దం ఇంత మట్టానికి దిగువన ఇన్ని సెకన్లు ఉంటే ఆటోమేషన్ పడిపోయిందనుకుని బ్యాకప్‌కు మారుస్తుంది, ఇంజినీరు ఫోనుకు మెసేజ్ పంపిస్తుంది. రాక్ స్టేషన్ నుంచి తెచ్చిన సెట్టింగు, పది సెకన్ల లాంటిది, ఇక్కడ అలాగే ఉంచితే బేస్ గిటార్ ఒంటరిగా నడిచే చోట అలారం మోగుతుంది. 25, 30 సెకన్లకు పెంచి, మట్టాన్ని మైనస్ 40 డెసిబెళ్ల దగ్గరకు దించితే తప్పుడు అలారాలు తగ్గుతాయి. ఇంకో చిన్న ముల్లు కూడా ఉంది. సెన్సర్ స్టూడియో నుంచి వెళ్లే తీగను వింటోందా, గాలిలోంచి తిరిగొచ్చే సిగ్నల్‌ను వింటోందా అని అడిగి తెలుసుకోండి. మొదటిదే అయితే కొండ మీద ట్రాన్స్‌మిటర్ పడిపోయినా అది నిశ్చింతగా పచ్చ లైటు చూపిస్తుంది.

స్టూడియో దాటాక శబ్దం ప్రాసెసర్‌లోకి వెళ్తుంది. ఆర్బన్ కంపెనీ ఆప్టిమాడ్ చాలాచోట్ల కనిపిస్తుంది. అమెరికాలో ఎఫ్ఎం పంపేటప్పుడు 75 మైక్రోసెకన్ల ప్రీఎంఫసిస్‌తో పై స్వరాలను ముందే ఎత్తి పంపుతారు, మన దేశంలో అది 50. రేడియో దాన్ని మళ్లీ దించుకుంటుంది. 15 కిలోహెర్ట్జ్ దగ్గర ఈ ఎత్తడం సుమారు 17 డెసిబెళ్లు. డ్రమ్మర్ బ్రష్‌తో సింబల్ మీద రాసే 'స్‌స్‌స్' అంతా ఉండేది అక్కడే. శబ్దం హద్దు దాటకుండా ఆపే లిమిటర్‌ను గట్టిగా బిగిస్తే ముందుగా చచ్చేది ఆ శబ్దమే. పాట బిగ్గరగానే వినిపిస్తుంది, కానీ గది తలుపు మూసి వింటున్నట్టుంటుంది. ఇంకో తప్పు, శబ్దం హెచ్చుతగ్గులను తనంతట తానే సర్దే ఏజీసీలో రిలీజ్, అంటే తగ్గిన శబ్దాన్ని మళ్లీ పైకెత్తే వేగం, ఎక్కువగా పెట్టడం. తీగ శబ్దం తగ్గుతున్నకొద్దీ యంత్రం దాన్ని పైకి లాగుతుంది. రికార్డింగ్ గదిలోని ఏసీ గుయ్‌మనడం కూడా పైకొస్తుంది, తర్వాతి మీటు పడగానే అంతా కిందికి కూలుతుంది. దీన్ని పంపింగ్ అంటారు. రిలీజ్ నిదానం చేసి, శబ్దం ఒక మట్టానికి దిగువకు వస్తే ఏజీసీ కదలకుండా గేటు పెడితే పోతుంది. మాన్‌హట్టన్‌లో ఎత్తైన మేడల మధ్య సిగ్నల్ తగిలి తగిలి రెండు మూడు దారుల్లో వస్తుంది. రాక్‌లో ఆ చిటపట కలిసిపోతుంది, ఒంటరి పియానో మీద మాత్రం బూడిద చల్లినట్టు వినిపిస్తుంది. దానికి బోర్డు దగ్గర చేయగలిగింది లేదు. ఫోన్ చేసినవాళ్లకు మోనోలో వినమని చెప్పడమే.

రాత్రి డ్యూటీలో సంగీతం కాని పనులు ఇంకా ఉన్నాయి. ట్రాన్స్‌మిటర్ శక్తి లైసెన్సులో రాసిన దానికి 90 నుంచి 105 శాతం మధ్య ఉండాలి. రిమోట్ కంట్రోల్ తెర మీద ముందుకు వెళ్లే పవరూ, వెనక్కి తిరిగొచ్చే పవరూ పక్కపక్కన కనిపిస్తాయి. చలికాలంలో వెనక్కి వచ్చే పవర్ గంట గంటకూ మెల్లగా పెరుగుతోందంటే యాంటెన్నా మీద మంచు పేరుకుంటోందని అర్థం. అది తనంతట తాను ట్రిప్ అయ్యేదాకా చూస్తూ కూర్చోకుండా ఇంజినీరును నిద్ర లేపాలి. యాంటెన్నాకు హీటర్లు ఉంటే ఆయన వాటిని వేయమంటాడు, లేకపోతే పవర్ తగ్గించమంటాడు. లాస్ ఏంజెలిస్‌లో అయితే మంచు భయం కన్నా నిప్పు భయం ఎక్కువ. ఆ నగరం ఎఫ్ఎం స్టేషన్లు చాలావరకు ఉన్నది మౌంట్ విల్సన్ మీద. 2009లోనూ 2020లోనూ కార్చిచ్చు ఆ కొండ దాకా వచ్చింది.

ప్రతి గంట మొదట్లో కాల్ లెటర్లు (కేటీడబ్ల్యూవీ లాంటివి), వెంటనే లైసెన్సులో ఉన్న ఊరి పేరు చెప్పాలి. "ఆకాశవాణి, విజయవాడ కేంద్రం" అన్నట్టే. ఇక్కడ కిటుకు ఏమిటంటే లైసెన్సు శివారు ఊరి పేరు మీద ఉండి, స్టేషన్ పనిచేసేది మాత్రం మొత్తం మహానగరానికి కావొచ్చు. ఒర్లాండోలో 2011 దాకా స్మూత్ జాజ్ వేసిన డబ్ల్యూఎల్ఓక్యూ లైసెన్సు వింటర్ పార్క్ పేరు మీద ఉండేది. అలాంటి చోట ముందు శివారు, తర్వాతే నగరం. తిరగేసి చెప్తే చెప్పనట్టే లెక్క. సరిగ్గా 00 నిమిషానికే చెప్పాలని పాటను మధ్యలో కోయనక్కర్లేదు. గంట దరిదాపుల్లో సహజంగా ఆగిన చోట చెప్తే చాలు.

వారానికోసారి, నెలకోసారి అత్యవసర హెచ్చరిక వ్యవస్థ పరీక్షలు ఉంటాయి. వారం పరీక్షలో మోడెం కూతలాంటి శబ్దాలే, పది పదిహేను సెకన్లలో అయిపోతుంది. దాన్ని ఎప్పుడు వదలాలో స్టేషన్ ఇష్టం. సాక్సోఫోన్ పాట అవగానే వదిలితే గుండె గుభేల్‌మంటుంది కాబట్టి రెండు ప్రకటనల మధ్య దాచండి. నెల పరీక్షలో 853, 960 హెర్ట్జ్ రెండూ కలిపిన ఆ కర్ణకఠోరమైన మోత ఉంటుంది. అది పైనుంచి వస్తుంది, వచ్చిన 60 నిమిషాల్లోపు తిరిగి ప్రసారం చేసి లాగ్‌లో రాయాలి. సరి సంఖ్య నెలల్లో ఇది సూర్యాస్తమయం నుంచి ఉదయం 8:30 లోపు వస్తుంది, అంటే రాత్రి డ్యూటీవాళ్ల వాటా. ఇంకొక్కటి, ఆ మోతను సరదా ప్రకటనలోనైనా వాడితే అక్కడి ప్రసారాలను నియంత్రించే ఎఫ్‌సీసీ జరిమానా వేస్తుంది. ఎవరైనా అలాంటి స్పాట్ తెచ్చిస్తే వేయకుండా పై వాళ్లకు చూపించండి.

మైక్ ముందు మాట్లాడే అవకాశం ఎప్పుడో ఒకరోజు వస్తుంది. మంచు తుఫాను రోజు రావాల్సినవాళ్లు రాకపోతే వస్తుంది. స్మూత్ జాజ్‌లో మాట నిదానంగా, మైక్‌కు దగ్గరగా, లోగొంతుతో ఉండాలి. వేగంగా మాట్లాడే స్టేషన్‌లో దాగిపోయే తప్పులన్నీ ఇక్కడ బయటపడతాయి. ముందు ఈ సంగీతం పేరే మనకు గండం. 'స్మూత్' అని మనం రాసే మాట చివర ఉన్నది త కాదు, నాలుక కొసను పళ్ల మధ్య పెట్టి పలికే, ద లాంటి కంపించే శబ్దం. తర్వాత 'వేవ్'. మొదటి వ్ పెదాలు గుండ్రంగా చుట్టి, చివరి వ్ కింది పెదవిని పై పళ్లకు ఆనించి. మనం రెంటికీ ఒకే వ వాడేస్తాం. తెలుగు యాస ఉండటం తప్పు కాదు, దాన్ని చెరిపేసుకోనక్కర్లేదు. ఈ రెండు శబ్దాలు, ట్రాఫిక్‌లో వచ్చే ఊళ్ల పేర్లు మాత్రం సరిచూసుకోవాలి. టెక్సస్‌లో హ్యూస్టన్, అవే అక్షరాలు మాన్‌హట్టన్‌లో హౌస్టన్ వీధి. శాన్ డియాగోలో 'లా జొల్లా' అన్నట్టు రాసి ఉండే పేటను పలికేది లహోయా అని. ఊరి పేరు తప్పు పలికితే వచ్చే ఫోన్లు పాట ఆగిపోయినప్పుడు కూడా రావు.

ఫోన్లలో ఎక్కువ వచ్చే ప్రశ్న ఒకటుంది: "ఇందాకటి పాట ఏది?" మాటలు లేని పాటకు పల్లవి లేదు, వెతుక్కోవడానికి అడిగేవాళ్ల దగ్గర ఏ ఆధారమూ ఉండదు. "సాక్సోఫోన్, కొంచెం దిగులుగా ఉంటుంది" అంటారు. అవన్నీ అంతే. టైము అడిగి లాగ్ చూసి చెప్పాలి. అందుకే ఆర్‌డీఎస్, అంటే రేడియో తెర మీద అక్షరాలు చూపించే ఏర్పాటు, లో పేరు సరిగ్గా పడటం ఈ స్టేషన్‌కు ప్రాణం. ఆ రేడియో టెక్స్ట్‌కు ఉన్నది 64 అక్షరాలే. ఆల్బం పేరు, అతిథి పేరు, స్టేషన్ నినాదం అన్నీ కుక్కితే తెగిపోయేది చివర్లో ఉన్న పాట పేరే. పాట పేరు ముందు, వాద్యకారుడి పేరు తర్వాత పెట్టండి, నినాదం వదిలేయండి.

హక్కుల డబ్బు లెక్క కూడా తెలిసి ఉండాలి. అమెరికాలో గాలిలో వెళ్లే ప్రసారానికి పాట రాసినవాళ్లకు, పబ్లిషర్లకు డబ్బు వెళ్తుంది, యాస్‌క్యాప్, బీఎంఐ లాంటి సంస్థల ద్వారా. వాయించినవాళ్లకు ఏమీ రాదు. అదే పాట ఇంటర్నెట్ స్ట్రీమ్‌లో వెళ్తే సౌండ్‌ఎక్స్‌చేంజ్ ద్వారా వాయించినవాళ్లకూ వస్తుంది. స్ట్రీమ్‌కు ఇంకో షరతుంది: ఏ మూడు గంటల్లోనూ ఒకే కళాకారుడివి నాలుగు పాటలు, ఒకే ఆల్బం నుంచి మూడు పాటలు దాటకూడదు. ఎవరైనా వాద్యకారుడు పోయిన రోజు ఆయన పాటలే గంటసేపు వేద్దామని అనిపిస్తుంది. గాలిలో వేయొచ్చు, స్ట్రీమ్‌లో కుదరదు. రెంటికీ ఒకే ఫీడ్ వెళ్తోంది కదా అని మర్చిపోతారు.

ఇంత జాగ్రత్తగా నడిపిన స్టేషన్లు పెద్ద నగరాల్లో ఎందుకు మూతపడ్డాయి? న్యూయార్క్‌లో 101.9 మీద 2008 ఫిబ్రవరిలో రాక్ వచ్చింది. 2009 మేలో షికాగో 95.5 స్పానిష్‌కు వెళ్లింది, అదే నెలలో శాన్ ఫ్రాన్సిస్కో 103.7 స్మూత్ జాజ్ ఆపేసింది. సియాటిల్‌లో 98.9 కూడా 2010 చివరికి మారిపోయింది. ది వేవ్ పేరు నిలిచింది గానీ 2010 తర్వాత సంగీతం మెల్లగా ఆర్ అండ్ బీ వైపు జరిగింది.

ఎక్కువమంది చెప్పే కారణం కొలత మారడం. అంతకుముందు ఆర్బిట్రాన్ కంపెనీ ఎంచుకున్న మనుషులకు చిన్న డైరీ ఇచ్చేది. గురువారం నుంచి బుధవారం దాకా ఏ స్టేషన్ ఎప్పటినుంచి ఎప్పటిదాకా విన్నారో గుర్తు చేసుకుని రాయాలి. ఆఫీసులో రోజంతా పక్కన స్మూత్ జాజ్ మోగే మనిషి పొద్దున 9 దగ్గర మొదలుపెట్టి సాయంత్రం 5 దాకా ఒకే గీత గీసేవాడు. ఎనిమిది గంటలంటే 32 పావుగంటలు. 2007లో ఫిలడెల్ఫియా, హ్యూస్టన్‌లలో, 2008లో న్యూయార్క్, లాస్ ఏంజెలిస్, షికాగోల్లో డైరీ పోయి పీపీఎం వచ్చింది. నడుముకు తగిలించుకునే పేజర్ లాంటి పెట్టె అది. స్టేషన్ తన శబ్దంలో దాచి పంపిన సంకేతాన్ని అదే వింటుంది, మనిషి జ్ఞాపకంతో దానికి పనిలేదు. మీటింగుకు లేచి వెళ్తే ఆగింది, కాఫీకి వెళ్తే ఆగింది. ఆ గీత ముక్కలైపోయింది.

రెండో గొడవ సంకేతానిదే. దాన్ని దాచేది సుమారు 1 నుంచి 3 కిలోహెర్ట్జ్ మధ్య, పాట శబ్దం చాటున. మాటలు, మద్దెల, గిటార్ అన్నీ నిండుగా ఉన్న పాటలో దాచడానికి చోటు చాలా ఉంటుంది. ఒంటరి పియానో, నడుమ మౌనం ఉన్న పాటలో తక్కువ. కాబట్టి సంకేతాన్ని బలంగా పెట్టలేరు, చుట్టూ చప్పుడున్న గదిలో పెట్టె దాన్ని పట్టుకోలేదు. ఈ అనుమానం స్మూత్ జాజ్ వాళ్లు మొదటినుంచీ అంటున్నదే. తర్వాత 2014 ప్రాంతంలో ఈ సంకేతాన్ని బలపరిచే వోల్టేర్ అనే పెట్టె మార్కెట్లోకి వచ్చాక మిగతా స్టేషన్లూ అదే మాట అన్నాయి, అప్పటికి ఆర్బిట్రాన్‌ను కొనుక్కున్న నీల్సన్ తన ఎన్‌కోడింగ్‌ను మార్చుకుంది.

అయితే తప్పంతా పెట్టె మీదికే నెట్టడం సరికాదు. న్యూయార్క్ స్టేషన్ పీపీఎం లెక్కలు అధికారికం కాకముందే మారిపోయింది. వినేవాళ్ల వయసు పెరుగుతోంది, ప్రకటనదారులకు కావాల్సింది 25 నుంచి 54. పాటల లైబ్రరీ చిన్నది, అందులో పాత హిట్లకు వాద్య రూపాలు ఎక్కువ. దీనికి పక్కన పెట్టి చూడాల్సింది నూఆర్క్‌లోని డబ్ల్యూబీజీఓ 88.3. అది అసలు జాజ్ వేస్తుంది, వినేవాళ్ల చందాలతో నడిచే పబ్లిక్ రేడియో. పక్కన మోగితే సరిపోయే సంగీతం కాదు, కావాలని పెట్టుకుని వినేవాళ్లది. వాళ్లు చెక్కు రాస్తారు, అందుకే అది నిలిచింది. కొత్తగా వచ్చినవాళ్లు ఈ పని నేర్చుకోవడానికి ఇలాంటి నాన్‌కమర్షియల్ స్టేషన్లే నయం, చందా వసూళ్ల వారాల్లో వాలంటీర్లను పిలుస్తారు. అక్కడి ప్రకటనల భాష మాత్రం వేరు. దాతల పేరు చెప్పొచ్చు గానీ ధర చెప్పకూడదు, "ఈరోజే రండి" అనకూడదు.

కమర్షియల్ కంపెనీల్లో స్మూత్ జాజ్ ఇప్పుడు చాలావరకు హెచ్‌డీ2 మీద ఉంది, అంటే మామూలు ఎఫ్ఎం పక్కనే డిజిటల్‌గా వెళ్లే రెండో చానల్. కొన్ని నగరాల్లో ఇలాంటి చానళ్లనే దక్షిణాసియా భాషల కార్యక్రమాలకు అద్దెకిస్తారు కాబట్టి మనవాళ్ల కార్లలో ఆ బటన్ పరిచయమే. మొదటి చానల్‌కూ దీనికీ కలిపి ఉన్నది సుమారు 96 కిలోబిట్లు. హెచ్‌డీ2కు 32 మాత్రమే ఇస్తే సింబల్ శబ్దం నీళ్లలోంచి వచ్చినట్టుంటుంది, 48 ఇస్తే నయం. మొదటి చానల్‌లో డిజిటల్ పోతే రేడియో మామూలు ఎఫ్ఎంలోకి జారుతుంది. రెండూ కలిసుండాలని మామూలు ఎఫ్ఎంను సుమారు ఎనిమిది సెకన్లు ఆపి పంపుతారు. అది తప్పితే కారు వంతెన కింద దూరి బయటపడ్డప్పుడల్లా అదే వాక్యం రెండుసార్లు వినిపిస్తుంది. ఈ ఆలస్యం వల్లే మైక్ ముందున్నవాళ్లు గాలిలోంచి తమ గొంతు తాము వింటూ మాట్లాడలేరు. హెచ్‌డీ2కైతే జారడానికి వెనక ఏమీ లేదు. సొరంగంలో దూరితే మౌనం, బయటికొచ్చాక మళ్లీ దొరకడానికి కొన్ని సెకన్లు.

అది నడిచేది ర్యాక్ మూల ఒక కంప్యూటర్ మీద. దానికి ప్రత్యేకంగా మనిషి ఉండడు, ఆగిపోయినా ఫోన్ రాదు. రాత్రి డ్యూటీలో గంటకోసారి మానిటర్‌ను హెచ్‌డీ2కు మార్చి వినండి. శబ్దం వస్తే చాలదు. రాత్రి 12కు కొత్త లాగ్, అంటే ఆ రోజు వేయాల్సిన వాటి వరస, లోడ్ కాకపోతే ఆ యంత్రం నిన్నటి లాగ్‌నే మళ్లీ మొదలుపెడుతుంది, వాద్యాల్లో అది ఎవరికీ తెలియదు. వాతావరణం చెప్పే దాకా ఆగి, అందులో చెప్పిన రోజు ఈరోజేనా అని చూసి, టైము రాసి సంతకం పెట్టండి.